మూడో అధ్యాయం తప్పండీ

పొగుడుదామని లేచినవాడి నోట్లోంచి ఆ మాట ఎలా ఊడిపడిందో అతనికే అర్థం కాలేదు.

అతను కోర్టులో స్టెనో. జడ్జిగారు చెప్పింది చెప్పినట్టు గీతల్లో పట్టుకుని, తర్వాత టైపు చేసి ఫైల్లో పెట్టడం అతని పని. రోజంతా పక్కవాళ్ల మాటలు రాసీ రాసీ సొంత మాటలు తక్కువైపోయిన మనిషి. అలాంటివాడు లా కాలేజీ హాల్లో, మూడు వందల మంది మధ్య, మైకు పట్టుకుని నిలబడ్డాడంటే కారణం వేదిక మీద కూర్చుని ఉంది.

ఆమె ప్రొఫెసరు. నేరాలూ జైళ్లూ కోర్టులూ ఎలా నడుస్తాయో పరిశోధన చేస్తుంది. కోర్టు ఆవరణలో అందరూ ఆమెను 'నేరాల మేడమ్' అంటారు. ముప్ఫై నిండీ నిండకుండానే మూడు పుస్తకాలు రాసింది. మొదటిది 'జామీను లేని మనిషి'. రెండోది 'గుర్తు పట్టినవాడు'. ఈ రోజు హాల్లో దండ వేసిన బల్ల మీద గుట్టగా పేర్చి పెట్టింది రెండు నెలల కిందట వచ్చిన మూడోది, 'పిలిచినా రాని సాక్షి'. మొదటి రెండింటినీ అతను ఎన్నిసార్లు చదివాడంటే, అట్టలు ఊడిపోతే వాళ్లక్క పిండి ఉడికించి అతికించింది.

ఆ మొదటి పుస్తకంలో ఒక ఖైదీ ఉంటాడు. అతనికి బెయిలు వచ్చి ఏడాది దాటినా ఆ సంగతి చెప్పిన నాథుడు లేడు. ఆర్డరు కాగితం కోర్టులో టైపై, కోర్టులోనే పడుకుంది. అది చదివిన మర్నాటి నుంచీ స్టెనో ఒక అలవాటు చేసుకున్నాడు. బెయిలు ఆర్డరు టైపు చేశాక సైకిలు తీసుకుని తనే జైలు గేటు దాకా వెళ్లి కాపీ ఇచ్చి వస్తాడు. అది అతని డ్యూటీ కాదు, ఎవరూ చెయ్యమనలేదు కూడా.

ఈ సంగతే చెప్పి దండం పెడదామని వారం రోజులు అద్దం ముందు సాధన చేశాడు.

"ఒరేయ్, ఆ చివర్లో అంత వంగకు. నడుం పట్టేసిందనుకుంటుంది," అని అక్క తలుపు సందులోంచి రెండుసార్లు దిద్దింది కూడా.

అంతా బాగానే ఉండేది. కానీ ప్రశ్నలు మొదలవబోయే ముందు ప్రిన్సిపాలుగారు లేచి ఒక శుభవార్త చెప్పారు. మేడమ్ పుస్తకం చూసి పెద్దవాళ్లు ఒక కమిటీ వేశారట. పదిమంది సాక్షుల్లో నలుగురు భయంతో కోర్టుకు రావడం లేదని మూడో అధ్యాయంలో మేడమ్ లెక్కలతో సహా తేల్చారు కాబట్టి, ఇకమీదట పిలిచినా రాని సాక్షికి నోటీసులూ గీటీసులూ లేకుండా నేరుగా పోలీసు వారెంటేనట. వచ్చే నెల మొదటి సోమవారం కమిటీ కూర్చుంటుందట.

హాలు చప్పట్లతో మోగిపోయింది. స్టెనో చేతులు మాత్రం కదల్లేదు. సరిగ్గా అప్పుడే మైకు అతని దగ్గరికి వచ్చింది.

"మేడమ్... నేను మీ... మీ మూడో అధ్యాయం తప్పండీ."

ప్రిన్సిపాలుగారు కుర్చీలోంచి సగం లేచారు.

ఆమె కళ్లజోడు సర్దుకుని చూసింది. "మీరు?"

"స్టెనోనండి. కోర్టులో."

వెనక వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆమె నవ్వలేదు. "అందులో తప్పేమిటి?"

"సాక్షులు వస్తారండి."

"రాలేదని కోర్టు రికార్డులే చెబుతున్నాయి. రెండు వేల ఫైళ్లు చూశాను. వకీళ్లను అడిగాను, పోలీసులను అడిగాను. అందరూ భయమే అన్నారు."

"సాక్షులను అడిగారాండీ?"

"రాని సాక్షులు నాకు ఎక్కడ దొరుకుతారు?"

"కింద ఉంటారండి."

ఈసారి హాలు మొత్తం నవ్వింది. ప్రిన్సిపాలుగారు మైకు లాగేసుకున్నారు. స్టెనో కూర్చోబోయి, కుర్చీ మడిచి ఉందని చూసుకోక, కింద కూర్చున్నాడు.

సంతకాల వరసలో అందరికన్నా చివర నిలబడ్డాడు. పారిపోదామని మూడుసార్లు అనుకున్నాడు. కానీ చేతిలో ఆమె పుస్తకాలు మూడూ ఉన్నాయి. సంతకం లేకుండా ఇంటికి తీసుకుపోతే అక్క ఊరుకోదు.

ఆమె మొదటి పుస్తకం తెరిచి ఆగిపోయింది. ప్రతి పేజీ అంచునా పెన్సిలుతో సన్నని వంకర గీతలు.

"ఇవేమిటి? చీమలు పాకినట్టున్నాయి."

"షార్ట్‌హ్యాండండి. చదువుతూ అనుకున్నవి రాసుకున్నాను."

"ఇక్కడేం రాశారు?" ఆమె వేలు పెట్టి అడిగింది.

అతని చెవులు ఎర్రబడ్డాయి. "ఇక్కడ ఆగి టీ తాగాను, మింగుడు పడలేదు అని రాశానండి."

ఆమె అతన్ని మొదటిసారి సరిగ్గా చూసింది. తర్వాత మూడో పుస్తకం తెరిచింది. మూడో అధ్యాయం అంచులు ఖాళీగా ఉన్నాయి.

"ఇక్కడ గీతలు లేవేం?"

"ఏం రాయాలో తోచలేదండి. ఈ అధ్యాయంలో మీరు నమ్మిన కాగితాలన్నీ నేనూ నాలాంటి స్టెనోలూ టైపు చేసినవే."

పెన్ను ఆగింది. సంతకం చెయ్యకుండానే పుస్తకం మూసి అతని చేతిలో పెట్టింది. "రేపు పదింటికి వస్తాను. చూపించండి."

"ఏం చూపించమంటారు?"

"మీ కింద."

మర్నాడు పది కాకముందే వచ్చేసింది. చేతిలో లావుపాటి నోట్‌బుక్కు, ముఖం నిండా కోపం. కోర్టు హాలు మేడ మీద. మెట్ల దగ్గర బెంచీలు వకీళ్లవి. వాటి మీద సాక్షి కూర్చుంటే లేపేస్తారు.

అతను బీరువా తెరిచి రెండు కాగితాలు తీశాడు. రెండిటి మీదా ఒకే తేదీ, ఒకే మనిషి. మొదటిది కేసు ఫైలు కాగితం. 'సాక్షిని మూడుసార్లు పిలిచినా రాలేదు' అని ఉంది. రెండోది చిన్న చీటీ అడుగు ముక్క. 'ఈ వ్యక్తి సాక్ష్యం కోసం ఈ రోజు కోర్టుకు హాజరైనారు' అని ఉంది.

"ఈ చీటీ ఎవరికి ఇస్తారు?"

"సాక్షులకేనండి. పని మానుకుని వస్తారు కదా, కోర్టుకే వెళ్లానని యజమానికి చూపించుకోవాలి. సాయంత్రం అడిగితే నేనే టైపు చేసి ఇస్తాను. పై ముక్క వాళ్లు పట్టుకుపోతారు. అడుగు ముక్క నా బీరువాలో ఉంటుంది, ఫైల్లోకి వెళ్లదు."

ఆమె రెండు కాగితాలనూ పక్కపక్కన పెట్టి చాలాసేపు చూసింది. "అంటే పొద్దున రాలేదని టైపు చేశారు. సాయంత్రం వచ్చాడని టైపు చేశారు. ఒకే చేత్తో."

"అవునండి."

"ఎన్నేళ్లుగా?"

"పదకొండేళ్లు."

"ఒక్కసారి కూడా తట్టలేదా మీకు?"

"తట్టలేదండి. పొద్దున జడ్జిగారు చెప్పిందే రాశాను. సాయంత్రం కళ్ల ముందు మనిషి కనిపిస్తే చీటీ రాసిచ్చాను. రెండూ నిజమే కదాని అనుకున్నాను. మీ పుస్తకం చదివేదాకా ఆ రెంటినీ పక్కన పెట్టి చూడలేదు." అతను తల దించుకున్నాడు. "తప్పు మీది కాదండి, నాది."

"తప్పు ఎవరిదో తర్వాత పంచుకుందాం," అంది విసురుగా. "వచ్చినవాడు పిలిస్తే ఎందుకు పలకడు? భయం వేసి పలకలేదేమో. అప్పుడు నా మాటే నెగ్గుతుంది."

"వినపడదండి."

"మూడుసార్లు పిలిస్తే వినపడదా?"

"ఒకరోజు కూర్చుని చూడండి."

అలా మొదలైంది ఆ పరీక్ష. జడ్జిగారు సెలవు పెట్టిన రోజు చూసి, స్టెనో బంట్రోతు బాబాయ్‌ని బతిమాలాడు. బాబాయ్ ముప్ఫై ఏళ్లుగా సాక్షులను పిలుస్తున్నవాడు. రిటైరవడానికి దగ్గరపడ్డ గొంతు, దానికి తోడు దగ్గు.

"ఎవరిని పిలవాలిరా?"

"నేరాల మేడమ్‌ని. ఊరికే, సరదాకి."

"సరదా అయితే నీ గొంతుతో పిలుచుకోవచ్చుగా, నా గొంతెందుకు?" అని బాబాయ్ కన్ను గీటాడు. స్టెనో ముఖంలో రంగు చూసి ఇంకేం అడగలేదు.

సాక్షులు కూర్చునేది మేడ వెనక రేకుల షెడ్డులో. ఒకపక్క జిరాక్సు మెషీన్లు, ఇంకోపక్క అర్జీలు టైపు చేసేవాళ్లు, వెనక జనరేటరు. ఆమె అక్కడ ఒక విరిగిన బెంచీ మీద, పక్క కోర్టులో సాక్ష్యానికి వచ్చిన, కుట్టుపని చేసుకునే ఒకావిడ పక్కన కూర్చుంది. చెవులు రిక్కించి, గుమ్మం కనపడకపోయినా మేడ వైపే చూస్తూ.

పదకొండింటికి వాన మొదలైంది. చిన్న వాన కాదు, రేకుల మీద గుప్పిళ్లతో గులకరాళ్లు పోసినంత మోత.

స్టెనో ఆగి ఆగి పన్నెండుకు కిందికి దిగాడు. గొడుగు తేవడం మరిచిపోయాడు. తడిసిన జుట్టు నుదుటికి అంటుకుపోయింది.

"ఇంకా పిలవలేదేం?" అంది ఆమె వాచీ చూసుకుంటూ.

"పిలిచారండి."

"ఎప్పుడు?"

"పావుతక్కువ పన్నెండుకి. మూడుసార్లు."

"అబద్ధం! నేను కళ్లు కూడా ఆర్పలేదు."

"తెలుసండి. పైనుంచి చూశాను." అన్నాక నాలుక కరుచుకున్నాడు. "అంటే... మీరున్నారో లేదో చూడ్డానికే చూశాను." జేబులోంచి మడిచిన కాగితం తీసి, చొక్కాకి నీళ్లు తుడిచి ఇచ్చాడు.

ఆమె విప్పి చదివింది. 'సాక్షి నేరాల మేడమ్‌ను మూడుసార్లు పిలిచినా రాలేదు.'

ఒక్కసారిగా నవ్వింది. ప్రొఫెసర్లు ఆపుకుంటూ నవ్వే నవ్వు కాదది. కళ్లజోడు తీసేసి, పొట్ట పట్టుకుని, పక్కనున్న ఆవిడ భుజం మీద వాలిపోయి నవ్వింది. స్టెనోకి ఆ వానలో వెచ్చగా అనిపించింది.

"దేనికమ్మా అంత నవ్వు?" అంది కుట్టుపని ఆవిడ.

"నేను కోర్టుకి రాలేదటండీ! ఇక్కడే కూర్చుని ఉన్నానా, రాలేదట!"

"అదా! నాకైతే ఆరుసార్లు అయింది," అంటూ ఆవిడ సంచిలోంచి చీటీల కట్ట తీసింది. ప్లాస్టిక్కు కవర్లో, రబ్బరు బ్యాండు వేసి భద్రంగా దాచుకుంది. "మా వీధిలో లారీ గుద్ది ఒక పిల్ల పోయింది. నేనే చూశాను. చెబుదామనే ప్రతిసారీ వస్తున్నాను. పిలుపు వినపడి చస్తేగా! పోయినసారి ఆ వకీలు కసిరాడు, భయపడి దాక్కుంటున్నావా అని. నాకేం భయమమ్మా? నేను చెప్పకపోతే ఆ పిల్ల తల్లికి ఎవరు చెబుతారు?"

ఆమె నవ్వు ఆగిపోయింది. ఆరు చీటీలనూ ఒక్కొక్కటిగా చూసింది. చూసినకొద్దీ ముఖం వాడిపోయింది. తర్వాత కట్ట కట్టి, రబ్బరు బ్యాండు మళ్లీ వేసి, రెండు చేతులతో ఆవిడకి తిరిగిచ్చింది.

"అమ్మా, మీకు భయమని నేనే రాశాను. పుస్తకంలో."

"నన్ను ఎరగవు కదమ్మా, రాస్తే రాశావులే," అంది ఆవిడ తేలిగ్గా. "ఇప్పుడు ఎరిగావుగా."

ఆ మాటకి ఆమె కళ్లలో నీళ్లు తిరిగాయి. స్టెనో రేకు చివర కారుతున్న నీళ్ల వైపు చూస్తూ నిలబడ్డాడు. వెళ్లేటప్పుడు ఆమె బీరువాలోని అడుగు ముక్కలు చూసుకుంటానని అడిగింది. నాలుగు రోజులు వరసగా వచ్చి, అతని బల్లకి ఎదురుగా కూర్చుని, అన్నీ రాసుకుంది. మధ్యమధ్య ప్రశ్నలు వేసేది.

"ఈ గీత ఏమిటి?"

"అది 'వాయిదా' అండి."

"ఇంత చిన్నదా? మనుషుల జీవితాల్లో అంత పెద్దదిగా ఉంటుందే!"

ఐదో రోజు రాలేదు. ఆరో రోజూ రాలేదు. పదిరోజులు గడిచినా ఫోన్ లేదు, కబురు లేదు. ఆదివారం పుస్తకాల షాపు ముందు నుంచి వస్తుంటే అద్దానికి అతికించిన కాగితం కనబడింది. 'పిలిచినా రాని సాక్షి, రెండో ముద్రణ త్వరలో.'

ఇంటికొచ్చి చెప్పులు ఒకటి గుమ్మం దగ్గరా ఒకటి వంటింట్లోనూ విడిచాడు.

"ఏమైందిరా?" అంది అక్క. అమ్మ పోయాక అతన్ని పెంచింది అక్కే. బడిలో పంతులమ్మ. ఎవరు ఎక్కడ అబద్ధమాడుతున్నారో వీపు చూసి చెప్పగలదు.

"ఏం లేదు."

"ఆ ఏం లేదు పేరు ప్రొఫెసరేనా?"

అతను బల్ల మీద తల వాల్చాడు. "తప్పని తెలిసి కూడా మళ్లీ అచ్చు వేయిస్తోందక్కా. కమిటీ కూర్చుంటుంది. వారెంట్లు వస్తాయి. ఆ కుట్టుపని ఆవిణ్ని పోలీసులు జీపెక్కిస్తారు. ఆవిడేమో చీటీలు కవర్లో దాచుకుంది."

"ఆ షాపు కాగితం ఎప్పుడు అతికించారో అడిగావా?"

"లేదు."

"ఆమెకి ఫోన్ చేసి అడిగావా?"

"లేదు."

"అడక్కుండానే తీర్పు చెప్పేశావు. పదకొండేళ్లు కోర్టులో ఉండి నేర్చుకున్నది ఇదేనా?" అక్క కాఫీ గ్లాసు ఠక్కున పెట్టింది. "నీ బాధ పుస్తకం గురించేనా, మనిషి గురించి కూడానా?"

అతను తలెత్తలేదు. చెవులు మాత్రం జవాబు చెప్పాయి.

సోమవారం వచ్చింది. కమిటీకి రాసుకునే స్టెనోకి జ్వరమని ఇతన్ని పంపించారు. పొడుగాటి బల్ల, చుట్టూ తొమ్మిది మంది, పెద్ద కుర్చీలో ఒక పెద్ద జడ్జిగారు. మూల చిన్న బల్ల దగ్గర ఇతను, నాలుగు పెన్సిళ్లు చెక్కి పెట్టుకుని. ఆమె లోపలికి వచ్చింది. కళ్ల కింద నలుపు, చేతిలో కట్టల సంచి. ఇతని వైపు చూడలేదు.

"మీ పుస్తకమే మాకు ఆధారం ప్రొఫెసర్‌గారూ. రెండు మాటలు చెబితే వారెంట్ల ముసాయిదా ఖాయం చేసేస్తాం," అన్నారు పెద్ద జడ్జిగారు.

ఆమె లేచింది. "నా పుస్తకంలో మూడో అధ్యాయం తప్పండీ."

స్టెనో పెన్సిల్ పరిగెత్తింది.

"పదకొండు రోజులు ఆరు కోర్టులు తిరిగాను. స్టెనోల బీరువాల్లో చీటీల అడుగు ముక్కలు చూశాను. రాలేదని నేను రాసిన సాక్షుల్లో సగానికి సగం మంది ఆ రోజు కోర్టు ఆవరణలోనే ఉన్నారు. కొన్నిచోట్ల మేడ వెనక, కొన్నిచోట్ల గేటు బయట. వాళ్లు భయపడలేదు. వాళ్లకి వినపడలేదు. నేను కాగితాలను అడిగాను కానీ మనుషులను అడగలేదు. అది పరిశోధనలో చిన్న తప్పు కాదు."

ఒక వకీలు సభ్యుడు దగ్గారు. "మేడమ్, పుస్తకానికి ఇంత పేరొచ్చింది. రెండో ముద్రణలో మెల్లగా ఒక వాక్యం సవరించుకోవచ్చు. ఇప్పుడు ఇలా అందరి ముందూ..."

"రెండో ముద్రణ ఆపించాను. సవరించేది వాక్యం కాదండి, అధ్యాయం. వచ్చినవాళ్ల మీద వారెంటు వేస్తే, రేపటి నుంచి ఎవరూ రారు. అప్పుడు నా అధ్యాయం నిజంగానే నిజమవుతుంది. నాకు అంత గొప్ప పేరు వద్దు. సాక్షులకు వారెంట్లు కాదు, మేడ మీద నాలుగు బెంచీలూ, కిందికి ఒక లౌడ్‌స్పీకరూ కావాలి."

పెద్ద జడ్జిగారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. అలా ఒకసారి, మళ్లీ ఒకసారి.

"ఇంకొక్క మాట," అంది ఆమె. "ఈ తప్పును నాకు చూపించింది ఈ గదిలోనే ఉన్న ఒక పాఠకుడు..." అని, మూల బల్ల వైపు తిరిగి, అతని కళ్లలోకి చూసి, తక్కిన మాట చెప్పింది.

అదేమిటో అతనికి తెలియదు. పెదవులు కదలడం చూశాడు. తొమ్మిది తలలు తన వైపు తిరగడం చూశాడు. పెన్సిల్ కాగితం మీద ఒక్కచోటే నిలబడిపోయింది.

వారెంట్ల ముసాయిదా పక్కన పెట్టారు. బెంచీలూ లౌడ్‌స్పీకర్లూ వెంటనే పెట్టించమని రాయించారు. సమావేశం రికార్డు గురువారానికల్లా అందాలన్నారు పెద్ద జడ్జిగారు, ఒక్క మాట కూడా పోకుండా.

బుధవారం సాయంత్రం అతను గుండె చిక్కబట్టుకుని ఫోన్ చేశాడు.

"మేడమ్, మీరు చివర్లో అన్న ఒక మాట రికార్డులో లేదండి."

"లేదా? మీరు కదా రాసింది?"

"పెన్సిల్ ఆగిందండి."

"విరిగిందా?"

"లేదండి. ఊరికే ఆగింది."

అటువైపు నుంచి నవ్వు ఆపుకుంటున్న గొంతు వచ్చింది. "అయితే ఫోన్లో చెబితే మళ్లీ ఆగుతుందేమో. మీ ఇల్లెక్కడ?"

అరగంటలో వచ్చేసింది. ఆ అరగంటలో అక్క ఇల్లు రెండుసార్లు ఊడ్చింది, తమ్ముడి చేత మూడు చొక్కాలు మార్పించింది.

"ఏదో రికార్డు పనట కదమ్మా. కూర్చోండి. నేను వంటింట్లో ఉంటాను, నాకేం వినపడదు," అంటూ వంటింటి తలుపు వెనకే నిలబడింది.

ఆమె కుర్చీలో కూర్చుంది. అతను ఎదురుగా, ప్యాడ్ ఒళ్లో పెట్టుకుని. "చెప్పండి మేడమ్."

"రాసుకోండి. 'ఈ తప్పును నాకు చూపించింది ఈ గదిలోనే ఉన్న ఒక పాఠకుడు. పుస్తకాన్ని ఇష్టపడ్డవాళ్లు పుస్తకాన్ని వెనకేసుకొస్తారు. ఈయన నా పుస్తకాన్ని పక్కకి జరిపి, రేకుల కింద కూర్చున్నవాళ్లను వెనకేసుకొచ్చారు.' రాశారా?"

"రాశానండి." ఈసారి పెన్సిల్ ఆగలేదు.

"'అలాంటి మనిషి ఎదురుగా కూర్చుని పనిచేసిన నాలుగు రోజులూ నాకు తొందరగా గడిచిపోయాయి. తర్వాతి పదకొండు రోజులూ అస్సలు గడవలేదు. ఫోన్ చేద్దామని చాలాసార్లు అనుకున్నాను. లెక్క తేలకుండా ఏ ముఖం పెట్టుకుని మాట్లాడను అని ఆగాను.'"

పెన్సిల్ మెల్లబడింది. "మేడమ్, ఇది కమిటీలో అనలేదు కదండీ?"

"అనలేదు."

"మరి రికార్డులో ఎలా..."

"ఒరేయ్ మొద్దూ!" వంటింట్లోంచి అక్క గొంతు మోగింది. "ఆ పెన్సిల్ కింద పడెయ్యరా!"

పడేశాడు. ప్యాడ్ కూడా పడింది. ఆమె వంగింది, అతనూ వంగాడు. తలలు ఢీకొన్నాయి. ఇద్దరూ నుదుళ్లు పట్టుకుని నవ్వారు. నవ్వు ఆగాక కూడా ఎవరూ చూపు తిప్పుకోలేదు.

"నాకు మాటలు రావండి," అన్నాడు చివరికి. "మీ పుస్తకాలంటే ముందునుంచీ ఇష్టం. మీరంటే మాత్రం ఆ వాన రోజు నుంచి. అంతగా నవ్వుతున్న మనిషి, ఆవిడ చీటీలు చూసి ఒక్కసారిగా ఆపేశారు చూడండి, అప్పటినుంచి. మీరు మళ్లీ రాకపోతే మీ మీద కోపం తెచ్చుకుందామని చాలా ప్రయత్నించాను. రాలేదండి."

ఆమె కిటికీ వైపు తిరిగింది. ఇప్పుడు ఎర్రబడ్డవి ఆమె చెవులు.

అక్క ఇక ఆగలేకపోయింది. మూడు కప్పులతో వచ్చి, తనూ ఒక కుర్చీ లాక్కుని కూర్చుంది.

"చూడమ్మా, నాకు చుట్టూ తిప్పి మాట్లాడటం రాదు, సూటిగా అడుగుతాను. వీడు మంచివాడే. కానీ తప్పు కనబడితే మూడు వందల మంది ముందైనా సరే అనేస్తాడు, తర్వాత కింద పడతాడు. రేపు ఇంట్లోనూ ఇంతే. నువ్వు పేరున్న మనిషివి. తట్టుకోగలవా?"

ఆమె కప్పు కింద పెట్టింది. ఈ ప్రశ్నకి తేలిగ్గా జవాబు చెప్పకూడదని ఆమెకి తెలుసు.

"మొదటి రోజు చాలా కోపమొచ్చిందండి. ఇంటికెళ్లి పుస్తకం గోడకేసి కొట్టాను. కానీ మూడు పుస్తకాలు రాసినా, బాగుంది అన్నవాళ్లే కానీ, ఇది తప్పు అని చెప్పి నాతో పాటు ఆ తప్పు మోసినవాళ్లు ఎవరూ లేరు." సంచిలోంచి కాగితాల కట్ట తీసింది. "మూడో అధ్యాయం కొత్తగా రాశాను. ప్రెస్సుకి ఇవ్వలేదు. ముందు ఇక్కడికే తెచ్చాను." కట్ట అతని చేతుల్లో పెట్టింది. "చదివి చెప్పు."

చెప్పండి అనలేదు. అక్క ఆ మాట పట్టుకుంది, కళ్లు ఒత్తుకుంది. "ఇక నాకు అడిగేదేం లేదు తల్లీ. ఈ ఇల్లు నీదే అనుకో," అని ఆమె తల నిమిరింది.

స్టెనో ఇదేమీ వినలేదు. కాగితాలు చేతిలో పడగానే అతని లోకం వేరు. మొదటి పేజీ చదివాడు. ఒక చోట ఆగాడు. మళ్లీ వెనక్కి వెళ్లి చదివాడు. ఇద్దరు ఆడవాళ్లూ అతని ముఖమే చూస్తున్నారు.

అతను నెమ్మదిగా తలెత్తాడు. అటు అక్కని చూశాడు, ఇటు ఆమెని చూశాడు.

"మొదటి పేజీలోనే ఒకటుంది. బాబాయ్ కిటికీ దగ్గర నిలబడి పిలుస్తాడని రాశావు. పిలిచేది గుమ్మంలోంచి."

అక్క నెత్తి కొట్టుకుంది.

ఆమె లేచి, తన కుర్చీని ఈడ్చుకొచ్చి అతని కుర్చీకి ఆనించి వేసుకుని, కింద పడ్డ పెన్సిల్ తీసి చేతిలో పట్టుకుంది.

"ఏదీ, చూపించు," అంది.